గోడకు వయసు పోసే పని

ఇండిపెండెంట్ సినిమాలో ప్రొడక్షన్ డిజైనర్ పని స్క్రిప్టు చేతికొచ్చిన రోజునే మొదలవుతుంది. సీను పగలా రాత్రా, ఆ ఇంట్లో ఎంతమంది, వాళ్ల చేతిలో డబ్బు ఏపాటి ఆడుతుంది, మంచం నులకదా నవారుదా అన్నవన్నీ కాగితం మీద పడ్డాకే లొకేషన్లు వెతికే రెక్కీ. పెద్ద సినిమాకు కార్పెంటర్లు, పెయింటర్లు, సెట్లోకి సామాన్లు (ప్రాపర్టీ) తెచ్చేవాళ్లు వేర్వేరుగా ఉంటారు. చిన్న సినిమాలో ఆ పనులన్నీ ఇద్దరు ముగ్గురి నెత్తిన పడతాయి. అందుకే అక్కడ కట్టడం తక్కువ, వెతకడం ఎక్కువ. దొరికినదాన్ని కథకు లొంగదీయడమే అసలు పని.

మన దేశంలో ఈ పనికి ఒరవడి దిద్దినవారు బన్సీ చంద్రగుప్త. 1924లో సియాల్‌కోట్‌లో పుట్టారు. బొమ్మలు వేసుకుందామని కలకత్తా చేరి, 1947లో సత్యజిత్ రే, చిదానంద దాస్‌గుప్తాలతో పాటు కలకత్తా ఫిల్మ్ సొసైటీ పెట్టినవాళ్లలో ఒకరయ్యారు. ఫ్రెంచి దర్శకుడు జాఁ రెన్వార్ ‘ది రివర్’ తీయడానికి బెంగాల్ వచ్చినప్పుడు, ఆ చిత్రానికి పనిచేసిన యూజీన్ లూరియే దగ్గర సహాయకుడిగా చేరారు. ఆయన చదివిన ఫిల్మ్ స్కూలు అదే.

రే తీసిన ‘పథేర్ పాంచాలీ’ (1955)కి కళా దర్శకుడు బన్సీయే. ఆ సినిమా చూసినవాళ్లలో చాలామందికి అందులో కళా దర్శకుడి పని ఉందనే తట్టదు. కలకత్తా పక్కన బొరాల్ గ్రామంలో పాడుబడ్డ ఇంటిని అద్దెకు తీసుకుని, దాన్ని కథలోని హరిహరుడి కుటుంబం కాపురముండే ఇల్లుగా మార్చారు. రాత్రిపూట ఇంటి లోపలి దృశ్యాలు మాత్రం స్టూడియోలో తీశారు. ఇలాంటప్పుడు పల్లెలో ఎండకు కనిపించిన గోడకూ, స్టూడియోలో దీపం వెలుగులో కనిపించే గోడకూ తేడా రాకూడదు. కొత్త గోడను పాతబరచడానికి మట్టిరంగు నీళ్లు పలచగా పూసి, ఆరాక తడిగుడ్డతో అక్కడక్కడా తుడుస్తారు. గడప పక్కన చెయ్యి ఆనే చోట, బిందె దించే మూల రంగు ముదురు చేస్తారు. మరక ఎక్కడ పడాలో తెలియాలంటే ఆ ఇంట్లో మనుషులు ఎలా మసలుతారో తెలియాలి. ఎంత ఖర్చు పెట్టినా కొన్ని సెట్లు సెట్లలాగే కనబడటానికి కారణం, అక్కడ మరకలు అన్ని గోడలకూ సమానంగా పంచి ఉండటమే.

కొన్ని ఎవరి చేతిలోనూ ఉండవు. 1952 అక్టోబరులో ‘పథేర్ పాంచాలీ’ షూటింగు మొదలైంది రెల్లుపూల పొలంలో. వారం తర్వాత మిగతా సీను తీద్దామని వెళ్తే పూలన్నీ పశువులు మేసేశాయి. మళ్లీ పూసేదాకా ఏడాది ఆగారు. అద్దెకు తెచ్చుకోలేని ప్రాపర్టీతో వచ్చే చిక్కు ఇదే.

రే తర్వాతి సినిమా ‘అపరాజితో’ (1956)లో కాశీ ఇంటిని ఆరుబయట వేద్దామనుకున్నారు. వానల భయంతో దాన్ని స్టూడియోలోనే వేయాల్సి వచ్చింది. అలాంటి ఇళ్ల మండువాలోకి వెలుగు పైనుంచి, నీడ పడకుండా వస్తుంది. దాన్ని రాబట్టడానికి ఛాయాగ్రాహకుడు సుబ్రత మిత్ర సెట్ మీద తెల్లగుడ్డ పరిచి, కింది నుంచి లైట్లు దాని మీదికి కొట్టారు. సెట్టూ లైటింగూ ఒక్క ఆలోచనగా నడిచిన సందర్భమది. ‘నాయక్’ (1966)లో రైలు పెట్టెలు కూడా బన్సీ స్టూడియోలో వేసినవే.

తెలుగులో ఈ కోవకు చెందే పని బి. నర్సింగరావు ‘దాసి’ (1988)లో కనిపిస్తుంది. నిజాం కాలపు దొర గడీని తెరకెక్కించిన ఆ చిత్రానికి కళా దర్శకుడు చిత్రకారుడు తోట వైకుంఠం. ఆయనకు జాతీయ అవార్డు వచ్చింది. దుస్తులకు సుదర్శన్‌కు మరో జాతీయ అవార్డు దక్కింది. గడీ అనగానే హంగులు పేర్చకుండా, దాసీ మసలే వరండాల మీద, మూలల మీద దృష్టి పెట్టడం ఆ సినిమా గొప్ప. కరీంనగర్ ప్రాంతపు పల్లెలో పుట్టిన మనిషి కాబట్టి వైకుంఠానికి ఆ కన్ను ఉంది.

ఈ వృత్తిలో బతుకుతెరువు సంగతి వేరు. ఇండిపెండెంట్ సినిమాలనే నమ్ముకుంటే ఇల్లు గడవదు. ఇప్పటి డిజైనర్లు యాడ్ ఫిల్ములు, వెబ్ సిరీస్‌లు చేసుకుంటూ మధ్యలో చిన్న సినిమాకు టైమిస్తారు. బన్సీ కూడా 1970లలో బొంబాయిలో కమర్షియల్ చిత్రాలు చేశారు. 1981లో అమెరికాలో కన్నుమూశారు. ఆయనకు మూడు ఫిల్మ్‌ఫేర్ అవార్డులు వచ్చాయి: ‘సీమా’, ‘దో ఝూట్’, ‘చక్ర’. మూడూ హిందీ చిత్రాలే. రేతో చేసిన ఒక్క సినిమాకూ రాలేదు.