చావింట అల్లిన పాట

‘బలగం’ సినిమా చివర్లో, పదకొండోనాటి దినాల్లో వచ్చే పాటకు థియేటర్లు థియేటర్లే ఏడ్చాయి. 2023 మార్చి 3న సినిమా విడుదలయ్యాక తెలంగాణ పల్లెల్లో జనం ఊరి నడుమ తెర కట్టుకుని మరీ చూశారు. నిర్మల్ జిల్లాలో భూమి తగాదాతో మాటలు మానుకున్న అన్నదమ్ములు అది చూసి కలిసిపోయారని వార్తలొచ్చాయి. పాడినవాళ్లు పస్తం మొగిలయ్య, కొమురమ్మ. వరంగల్ జిల్లా దుగ్గొండికి చెందిన, ఇంటింటికీ తిరిగి పాడే బుడగ జంగాల దంపతులు. దర్శకుడు వేణు యెల్దండిది సిరిసిల్ల. చావింటికి ఎవరొచ్చి పాడతారో ఎరిగినవాడు కాబట్టే ఆ విద్య ఉన్నవాళ్లనే తెర మీదికి తెచ్చాడనుకుంటాను.

ఆ విద్యంతా గొంతులోనే ఉందనుకుంటే పొరపాటు. సగం పని పాట ఎత్తుకోక ముందే అయిపోతుంది. పాడటానికి వచ్చినాయన ముందు ఇంటివాళ్లను అడిగి తెలుసుకుంటాడు: పోయినాయన పేరేంది, కొడుకులెందరు, బిడ్డను ఏ ఊరికిచ్చిండ్రు, అల్లుని పేరేంది. తర్వాత తంబుర భుజానికెత్తుకుంటాడు. బాణీ తాతల నాటిదే, అందులో పడే మాటలు మాత్రం ఆ ఇంటివి. చరణం చివర రాగం సాగదీస్తాడు. వినేవాళ్లకు అది దుఃఖం, పాడేవాడికి తర్వాతి పేరు కూర్చుకునే వ్యవధి. వంత అందుకోగానే ఊపిరి తీసుకుని ఇంకో చరణం ఎత్తుకుంటాడు. ఒకచోట పోయిన మనిషే మాట్లాడుతున్నట్టు ‘బిడ్డా’ అని కూతుర్ని పేరు పెట్టి పిలుస్తాడు. అప్పటిదాకా బిగబట్టుకున్న మనిషి అక్కడ కూలబడుతుంది.

ఆ పిలుపు ఏ చుట్టం నోట వచ్చినా పని చేయదు. సినిమాలో బావా బామ్మర్దుల పగ, అంటే పోయినాయన అల్లుడికీ పెద్దకొడుక్కీ మధ్య పగ, విందులో నల్లిబొక్క దగ్గర మొదలైంది. పెద్దకొడుకు సర్దిచెప్పబోతే బావకు కోపం, బావ నోరు తెరిస్తే కొడుక్కి రోషం. ఆస్తిలో, అలకలో ఏ పాలూ లేని జంగమాయన పాడితే మాత్రం ఎవరూ ఎదురు చెప్పలేరు. ఎవరి తప్పూ ఎత్తి చూపకుండానే అందరికీ తగిలేలా పాడగలడు. కౌన్సెలింగ్ సెంటర్లు లేని రోజుల నుంచీ పల్లె ఈ పని వీళ్లకే అప్పజెప్పింది. దోసెడు బియ్యం, పాత బట్టలు, తోచినంత పైకం ఇచ్చి ఊరుకుంది. అది చాలా తక్కువ.

అదే సినిమాలోని ‘ఊరు పల్లెటూరు’ పాటకు కాసర్ల శ్యామ్‌కు జాతీయ అవార్డు వచ్చింది. తగిన గౌరవమే. కానీ జంగాలు ఇంటింటికీ కొత్తగా అల్లిన వేల చరణాలు ఏ కాగితం మీదికీ ఎక్కలేదు. కిడ్నీల జబ్బుతో డయాలసిస్ మీద బతికిన మొగిలయ్య 2024 డిసెంబర్ 19న పోయాడు. పాట చిత్రీకరణ ఒక్కటే మిగిలితే చాలదు. ఇంటివాళ్ల అనుమతితో, నిజమైన దినాల్లో వీళ్లు ఏమేం అడుగుతారో, విన్న పేరును బాణీలోకి ఎట్లా ఒదిగిస్తారో మొదటి నుంచి చివరిదాకా రికార్డు చేయాలి. విశ్వవిద్యాలయాల జానపద శాఖలు ఈ పనికి కూలి లెక్కగట్టి, పాడేవాళ్లకే ముందు చెల్లించాలి.