హక్కు, బాకీ, వకీలు

మా బెల్లంపల్లిలో నొకనాడు సమాసపాఠము జరుగుచుండగా, ఒక బాలుడు తన సహాధ్యాయి పేరునకు విగ్రహవాక్యము చెప్పబూనెను. ఆ పేరు ‘అబ్దుల్’ అని మొదలై ‘హక్’ అని ముగియును. ‘హక్కులకు దాసుడు’ అని వాడు చెప్పగా తరగతి యంతయు నవ్వినది. ఆ పేరుగల బాలుడు మాత్రము తల వంచుకొనెను. నవ్వినవారిని మందలించితిని గాని, ఆ తప్పు చెప్పినవానిది కాదనియు, మన యందరిదనియు తరువాత తోచినది.

అరబ్బీలో ‘హక్’ అనగా సత్యము. ‘అల్ హక్’ అనునది ముస్లిములు పరమేశ్వరునకు చెప్పు నామములలో నొకటి. న్యాయముగా చెందవలసినది అను అర్థము కూడ దానికి కలదు. మనకు దక్కినది ఈ రెండవ యర్థము మాత్రమే. ‘బాకీ’ యు నట్టిదే. మిగిలియున్నది అని దాని మూలార్థము; ‘అల్ బాకీ’ యనగా సమస్తము నశించినను నిలుచువాడు. మనకో, అది అంగడి చిట్టాలో తీరని అప్పు. కార్యభారము అప్పగింపదగినవాడు ‘వకీలు’; అదియు దైవనామమే. మనకు తెలిసిన వకీలు నల్లకోటు తొడిగి వాదించువాడు.

ఇందుకు కారణము స్పష్టము. ఈ మాటలు మనకు మసీదు గుమ్మమునుండి గాక కచేరీ గుమ్మమునుండి వచ్చినవి. గోలకొండ కుతుబ్ షాహీల కాలమున (1518–1687), పిమ్మట 1948 వరకు ఈ ప్రాంతము నేలిన నిజాముల కాలమున, పన్నులు, దావాలు, లెక్కలు ప్రధానముగా పారసీకములోనో ఉర్దూలోనో నడచినవి. నేటికిని బొగ్గుబాయిలో దిగు కార్మికుడు హాజరు వేయించుకొనక, సర్దారు మాట వినక పని మొదలుపెట్టడు. ఇన్ని మాటలు నోట నాడుచుండుటచే, వాని నెఱుగుదుమని భ్రమపడుచున్నాము.

ప్రజలు మాటకు క్రొత్త యర్థము కల్పించుట దోషము కాదు. ‘పీరు’ అనగా పారసీకమున వృద్ధుడు. పిదప సూఫీ గురువు. తెలంగాణ పల్లెలలో మొహర్రమునాడు ఊరేగించు పంజాయే పీరు. క్రీ.శ. 680లో కర్బలాయందు హతుడైన హుస్సేను స్మృతి షియాలకు శోకదినము; మన పల్లెలలో అన్ని కులములవారు అలావా చుట్టును ఆడు పీర్ల పండుగ. రెండును నిజములే. కాని గ్రంథము వ్రాయువాడు ఒకదానిని చూపి రెండవదానిని మరచినచో అది దోషమే.

ఇస్లామును గూర్చి తెలుగున వ్రాయువారిలో ననేకులు చేయు పొరపాటు వేఱొకటి కలదు. అరబ్బీ మాట కనబడగానే సమీపమున నున్న సంస్కృతపదమును దానిపై కప్పుదురు. ‘కాఫిర్’ అనగా నాస్తికుడని వ్రాయుదురు. మన శాస్త్రములలో నాస్తికుడనగా వేదప్రామాణ్యము నంగీకరింపనివాడు. నేటి వాడుకలో దేవుడు లేడనువాడు. ఈ రెండర్థములును అచ్చట పొసగవు. భూమ్యాకాశములను సృజించినది అల్లాహ్ యే యని మక్కాలోని విరోధులును ఒప్పుకొందురని ఖురానే చెప్పుచున్నది. ఆ ధాతువునకు కప్పుట యని మూలార్థము. అందుండియే మేలు మరచుట, సత్యమును త్రోసిపుచ్చుట అను అర్థములు కలిగినవి. విత్తును మట్టితో కప్పు కర్షకునకు సైతము ఆ పదము చెల్లును.

‘జిహాద్’ను ధర్మయుద్ధ మనుట మఱియు చిక్కు. ధర్మయుద్ధమనగా మనకు మతముకొరకైన యుద్ధము కాదు. నిరాయుధుని, పారిపోవువానిని కొట్టకుండ నియమబద్ధముగా చేయునది. జిహాద్ అనగా మూలమున ప్రయాసము. పోరుటకు ఖురానులో ‘కితాల్’ అను వేఱు పదము కలదు. ఇట్లనువాదము చేసి రెండు పదములను చెడగొట్టితిమి. అయితే, జిహాద్ మనోనిగ్రహమే గాని యుద్ధము కానేకాదనువారును సగమే చెప్పుచున్నారు. మధ్యయుగ ధర్మశాస్త్రజ్ఞులు దానిని యుద్ధార్థమున విస్తారముగా వాడిరి. ఎవరు, ఏ కాలమున, ఏ యర్థమున వాడిరో చెప్పనిచో ఏ వివరణమును నమ్మదగదు.

చరిత్రపదములకును ఈ జాగ్రత్త వలయును. ‘తురక’ యనునది తురుష్కజాతి పేరు. మతమును తెలుపు పేరు కాదు. దానిని ముస్లిములందఱకు అంటగట్టి, పాత శాసనమున తురుష్కులతో యుద్ధమని కనబడిన చోటనెల్ల మతయుద్ధమును చదువుచున్నాము. ఆ శాసనములే మఱియొక సంగతి చెప్పుచున్నవి. పదునాల్గవ శతాబ్దమున విజయనగర ప్రభువులు ‘హిందూరాయసురత్రాణ’ యని బిరుదు ధరించిరి. సురత్రాణుడనగా సుల్తానే! అరబ్బీ మాటకు దేవతలను రక్షించువాడను సంస్కృతార్థము పొదిగి, సగర్వముగా దాల్చిరి.

అన్యమతగ్రంథమును గౌరవముతో చదువుట మన భాషకు క్రొత్త కాదు. ‘ఆంధ్రభాషాచరిత్రము’ (1937) రచించిన చిలుకూరి నారాయణరావుగారు ఖురానును తెలుగు చేసిరి. ఆ శ్రమలో పదియవవంతైనను మన వ్యాసకర్తలు, పాఠ్యపుస్తక రచయితలు పడవలయును. అరబ్బీ మాటను ముందట ఉన్నదున్నట్లు నిలిపి, దాని యర్థమును తెలుగున విప్పి చెప్పినచో పాఠకునకు మేలు. ఒక్క సంస్కృతపదముతో పని ముగించుట సోమరితనము.

గృహస్థులు చేయదగినది ఇంకను సులభము. ఒకే గనిలో దిగి, ఒకే బావినీరు త్రాగి, పొరుగువాని పేరున కర్థ మెఱుగకుండ తరములు గడపితిమి. మీ పిల్లలను అడిగి తెలిసికొని రమ్మనుడు. మరునాడు నేను నల్లబల్లపై ఆ బాలుని పేరు వ్రాసి, ప్రక్కన ‘సత్యదాసుడు’ అని వ్రాసితిని. ఈ మారెవ్వరును నవ్వలేదు.