కాలానికి అడ్డంగా ఒక సరుకు ఓడ

కాలంలో ప్రయాణం అనగానే మనకి ‘ఆదిత్య 369’ గుర్తొస్తుంది. 1991లో వచ్చిన ఆ సినిమాలో యంత్రం ఒక శాస్త్రవేత్త కల. అంతకు చాలా ముందు, 1895లో హెచ్.జి. వెల్స్ రాసిన ‘టైమ్ మెషిన్’లోనూ అంతే. యంత్రం ఒక మేధావిది, ప్రయాణం ఒక సాహసం. ఎ. బెర్‌ట్రామ్ చాండ్లర్ నవలల్లో మాత్రం కాలంతో పని పెట్టుకునేది ఒక సరుకు ఓడ. అందులో ఉన్నవాళ్ళు జీతానికి పనిచేసే మేట్లు, ఇంజనీర్లు. కాలం మెలితిరగడం వాళ్ళకి డ్యూటీలో ఒక భాగం, అంతే.

ఈ చాండ్లర్ డిటెక్టివ్ నవలల రేమండ్ చాండ్లర్ కాదు. 1912లో ఇంగ్లండులో పుట్టి, కుర్రతనంలోనే ఓడెక్కినవాడు. మొదట్లో పనిచేసింది ట్రాంప్ స్టీమర్ల మీద. అంటే ఒక రూటంటూ లేకుండా, ఎక్కడ సరుకు దొరికితే అక్కడికి పోయే ఓడలు. యుద్ధకాలంలో ఓడ న్యూయార్క్‌లో ఆగినప్పుడు ‘ఎస్టౌండింగ్’ పత్రిక సంపాదకుడు జాన్ కాంప్‌బెల్‌ని కలిశాడు. 1944లో మొదటి కథ అచ్చయింది. 1956లో ఆస్ట్రేలియాకి వలస వెళ్ళి, అక్కడ కెప్టెన్‌గా పనిచేస్తూనే రాశాడు. 1984లో పోయాడు. చివరి రోజుల్లో ఆయన చేతికొచ్చిన ఓడ మెల్‌బోర్న్ అనే విమానవాహక నౌక. తుక్కు కింద పోవడానికి ఎదురుచూస్తూ లంగరేసి ఉన్న ఆ ఓడ మీద చట్టం ప్రకారం ఒక అధికారి ఉండాలి కాబట్టి ఈయన ఉన్నాడు. ఆయన నవలల్లో ఉన్న దిగులు ఎక్కణ్ణుంచి వచ్చిందో దీన్నిబట్టి కొంత ఊహించుకోవచ్చు.

ఆయన కథలు ఎక్కువగా నడిచేది పాలపుంత అంచున. లోర్న్, ఫారవే, అల్టిమో, థూల్ అని నాలుగు బీద గ్రహాలు. ఆకాశంలో ఒక పక్క నక్షత్రాల ముద్ద, రెండో పక్క కటిక చీకటి. అక్కడ ‘రిమ్ రన్నర్స్’ అనే కంపెనీ పాత ఓడల్ని తిప్పుతూ ఉంటుంది. వాటిని నడిపే యంత్రం పేరు మాన్‌షెన్ డ్రైవ్. తిరుగుతూ ఒరుగుతూ ఉండే గైరోస్కోపుల వల్ల ఓడ స్థలంలో ముందుకీ, కాలంలో వెనక్కీ పోతుంది. అలా ఏళ్ళు పట్టే దూరం వారాల్లో తెమిలిపోతుంది. ఫిజిక్స్ తెలిసినవాళ్ళు నవ్వుకోవచ్చు. కానీ చాండ్లర్ దాన్ని ఓడ మనిషి కళ్ళతో చూపిస్తాడు. డ్రైవ్ మొదలైనప్పుడు రంగులు చెదురుతాయి. ఇదంతా ఇంతకుముందే ఒకసారి జరిగినట్టుంటుంది. కడుపులో తిప్పుతుంది. ఆ తర్వాత ఎవరి కాఫీ వాళ్ళు తాగుతారు. అంత పెద్ద వింతకి ఇంత చిన్న స్పందన! ఈ మామూలుతనం వల్లే ఆ యంత్రాన్ని నమ్మబుద్ధేస్తుంది.

అసలు సంగతి ఇంకా లోపలుంది. ఆ అంచుల్లో విశ్వాల మధ్య గోడ పలచబడి ఉంటుంది. అందుకని ఓడవాళ్ళకి అప్పుడప్పుడూ ‘రిమ్ దయ్యాలు’ కనిపిస్తాయి. ఇవి చచ్చినవాళ్ళ దయ్యాలు కావు. ఇంకో విశ్వంలో బతుకుతున్న వాళ్ళే. వేరే యూనిఫారం, వేరే హోదా, పక్కన వేరే మనిషి. 1961లో వచ్చిన ‘ది రిమ్ ఆఫ్ స్పేస్’లో డెరెక్ కాల్వర్ పెద్ద కంపెనీ ఉద్యోగం వదిలేసి ఈ అంచుకి వచ్చి, ‘లోర్న్ లేడీ’ అనే పాత ఓడలో చేరతాడు. అలాంటివాడికి తను బతకని బతుకు ఎదురుపడితే ఎలా ఉంటుంది? సొంత ఊరు వదిలి వచ్చిన ఎవరికైనా ఈ ప్రశ్న కొత్తదేం కాదు. అక్కడే ఉండిపోయి ఉంటే ఏమయ్యేవాణ్ణి అని మనమూ అనుకుంటాం. చాండ్లర్ ఆ ఊహకి ఒక ముఖం ఇచ్చి ఎదురుగా నిలబెట్టాడు.

1964 నాటి ‘ఇన్‌టు ది ఆల్టర్నేట్ యూనివర్స్’ ఇంకో అడుగు ముందుకేస్తుంది. సోన్యా వెర్రిల్, జాన్ గ్రైమ్స్ ‘ఫారవే క్వెస్ట్’ అనే ఓడలో ఆ దయ్యాల్ని వెతుక్కుంటూ బయల్దేరతారు. తను పోగొట్టుకున్న మనిషి ఇంకో విశ్వంలోనైనా ఉంటాడేమోనని సోన్యా ఆశ. నాకు ఈ నవల బలం ఇక్కడే కనిపిస్తుంది. ఒక బతుకునిచ్చి ఇంకో బతుకు పుచ్చుకోవచ్చా అన్నది నిజానికి వ్యాపారి ప్రశ్నే. నవల చెప్పే జవాబు, కుదరదని. మిగిలినవాళ్ళు ఒకళ్ళకొకళ్ళు దక్కుతారు. తర్వాతి పుస్తకాల్లో వాళ్ళు భార్యాభర్తలు. జవాబు న్యాయమైనదే గానీ హడావుడిగా వస్తుంది. సోన్యా దుఃఖానికి దక్కాల్సిన పేజీలు ఓడ ప్రమాదాలకి పోయాయి. ఆడవాళ్ళని వర్ణించేటప్పుడు చాండ్లర్ చూపు ముందు ఒంటి మీదకే పోతుంది. ఇది చాలా పుస్తకాల్లో ఇబ్బంది పెడుతుంది.

1971లో వచ్చిన ‘ది డార్క్ డైమెన్షన్స్’లో వేర్వేరు విశ్వాల గ్రైమ్స్‌లు ఒకేచోట చేరతారు. పోల్ ఆండర్సన్ సృష్టించిన ఫ్లాండ్రీ కూడా అతిథిగా వస్తాడు. సరదాగానే ఉంటుంది. కానీ దయ్యం దీపం వెలుగులోకి వచ్చి మాట్లాడటం మొదలుపెడితే ఇక భయమేముంది? క్షణం పాటు కనపడి మాయమైనప్పుడున్న బరువు ఇక్కడ లేదు.

ఇంకొక మాట కూడా చెప్పాలి. థార్న్, గ్రోలర్, మెలిస్, స్ట్రీ అనే పరాయి గ్రహాలకి సరుకు మోసే దారిని ఈ నవలల్లో ‘ఈస్టర్న్ సర్క్యూట్’ అంటారు. బ్రిటిష్ ఓడ అధికారి చూసిన తూర్పుదేశపు రేవులే ఆ పేరు వెనక ఉన్నాయనుకుంటాను. మచిలీపట్నం, కాకినాడ రేవుల్లో నిలబడి ఆ ఓడల్ని చూసినవాళ్ళ వారసులం మనం. అందుకని రేవులో ఉన్నవాళ్ళకి ఆ ఓడ ఎలా కనబడిందో కూడా తెలుసుకోవాలనిపిస్తుంది. చాండ్లర్ అంత దూరం వెళ్ళడు. ఆయనెప్పుడూ డెక్ మీదే ఉంటాడు.

అయినా ఆ డెక్ మీద నుంచి ఆయన చూపించినది తక్కువేం కాదు. చదవాలనుకునేవాళ్ళు గ్రైమ్స్ నవలల పొడుగాటి వరస చూసి బెదరక్కర్లేదు. 1961, 1964 నాటి ఆ రెండూ ముందు చదవండి. రెండూ చిన్న పుస్తకాలే. మిగతావి తర్వాతైనా చూసుకోవచ్చు.