రెవిన్యూ స్టాంపుపై ఇమడని జీవితాలు

తెలుగులో స్వీయచరిత్ర రచన కందుకూరి వీరేశలింగం పంతులు చేతిలో ఒక స్థిరమైన రూపాన్ని సంతరించుకొన్నది. ప్రజాజీవితంలో తాము నిర్వహించిన పాత్రను, ఎదుర్కొన్న విమర్శలను, సాధించిన ఫలితాలను వరుసక్రమంలో లోకానికి నివేదించుకోవడం ఆ రూపానికి ప్రధాన లక్షణం. తరువాతి కాలంలో వెలువడిన పురుషుల ఆత్మకథలు చాలావరకు ఈ బాటలోనే నడిచాయి. వాటిలో భార్య ఒకటి రెండు పుటలలో కనిపించి మరుగవుతుంది; పిల్లల పెంపకం ప్రస్తావనకే రాదు. అది ఎవరో ఒకరు నిర్వహించిన పని అని పాఠకుడే ఊహించుకోవలసి ఉంటుంది.

స్త్రీ తన కథను తాను చెప్పుకోబూనినప్పుడు ఈ చట్రం చాలదు. తెలుగులో తొలి స్త్రీ ఆత్మకథగా పరిశోధకులు పేర్కొనే ఏడిదము సత్యవతి ‘ఆత్మచరితము’ 1934లో వెలువడింది. దానికి ఏడేళ్లు ముందే, 1927లో, చలం ‘మైదానం’ వచ్చింది. భర్తను విడిచి ప్రేమించినవాని వెంట వెళ్లిన రాజేశ్వరి ఆ నవలలో తన కథను తానే చెబుతుంది. అయితే ఆ ‘నేను’ను సృష్టించినది పురుషుని కలం. స్త్రీ ప్రేమను గురించి తెలుగులో జరిగిన చర్చలో పెద్దభాగం చలం రచనల చుట్టూ తిరిగిందనడం అతిశయోక్తి కాదు. ప్రేమించిన స్త్రీ మరునాటి ఉదయం ఎక్కడ ఉంటుంది, ఏమి తింటుంది, పిల్లలకు జీతం ఎలా కడుతుంది అన్న ప్రశ్నలకు ఆ చర్చలో దక్కిన చోటు స్వల్పం.

ఈ ప్రశ్నలకు సమాధానం స్త్రీల ఆత్మకథలలోనే దొరుకుతుంది. కానీ విమర్శకులు వాటిని చదివే తీరు వేరుగా ఉన్నది. పురుషులతో సంబంధాలను దాచక చెప్పిన రచన కంటబడగానే, దానిలోని సాహసాన్ని మెచ్చుకొనేవారు కొందరు, ఔచిత్యాన్ని ప్రశ్నించేవారు మరికొందరు. ఇరువర్గాలవారూ దానిని ఆంతరంగిక విషయాల వెల్లడిగానే భావిస్తారు. ఈ గ్రంథాలు నిజానికి జమాఖర్చుల పుస్తకాలు. ప్రేమకు ఎవరెంత వెల చెల్లించారో, అందులో ఎవరి బాకీ తీరకుండా మిగిలిందో తేల్చి చెప్పడమే వాటి ప్రధాన ప్రయోజనం.

దేశ రాజధానిలో రూపొందిన రెండు పంజాబీ ఆత్మకథలు ఈ విషయాన్ని స్పష్టం చేస్తాయి. మొదటిది అమృతా ప్రీతమ్ ‘రసీదీ టికట్’, 1976లో వెలువడినది. డబ్బు ముట్టినట్లు రాసియిచ్చే రసీదుపై అంటించే రెవిన్యూ స్టాంపు అని ఆ పేరుకు అర్థం. ఆమె జీవితకథ ఒక రెవిన్యూ స్టాంపు వెనుక రాయడానికి సరిపోతుందని ఖుష్వంత్ సింగ్ పరిహాసంగా అనగా, ఆ మాటనే ఆమె గ్రంథనామంగా స్వీకరించారు. 1919లో గుజ్రాన్‌వాలాలో జన్మించి, దేశ విభజనతో ఢిల్లీ చేరి, ఆకాశవాణిలో పనిచేసి, 1956లో సాహిత్య అకాడమీ పురస్కారం పొందిన ఆమె 1960లో భర్త నుండి వేరుపడ్డారు. సాహిర్ లూధియాన్వీ పట్ల తన ప్రేమను, చిత్రకారుడు ఇమ్రోజ్‌తో సహజీవనాన్ని దాపరికం లేకుండా రాశారు.

పాఠకలోకం ఈ గ్రంథంలో సాహిర్ కాల్చి వదిలిన సిగరెట్ ముక్కలను దాచుకొన్న ఘట్టాన్ని ఎక్కువగా గుర్తుంచుకొన్నది. అంతకన్న బరువైన ఘట్టం మరొకటి ఉన్నది. తాను సాహిర్ కొడుకునా అని కుమారుడు తల్లిని అడుగుతాడు. అది నిజమైతే ఆ మాట చెప్పి ఉండేదాన్నని, కాని అది నిజం కాదని ఆమె సమాధానమిస్తుంది. తండ్రి ఎవరన్న ప్రశ్నను సమాజం తల్లిని అడిగినప్పుడు అది నిందారోపణ అవుతుంది. ఇక్కడ అడిగినది కన్నబిడ్డ కావడం చేత అది సంభాషణగా మారింది. తల్లి మాటయే ప్రమాణంగా నిలిచింది. ఈ గ్రంథం సాధించిన గెలుపు ఇదే. అయితే ఇందులో భావావేశం పుష్కలంగా ఉండగా, నిత్యజీవితపు లెక్కలు పలుచగా ఉన్నాయి. భర్త పక్షం ఏమిటో, విడిపోయిన ఇంట్లో పిల్లలు ఎలా పెరిగారో పాఠకునికి పూర్తిగా బోధపడదు.

ఆ కొరతను తీర్చిన రచన అజీత్ కౌర్ ‘ఖానాబదోష్’. సంచారి అని దానికి అర్థం. 1934లో లాహోరులో జన్మించి, విభజనానంతరం ఢిల్లీలో జీవితం గడిపిన ఈ రచయిత్రి విఫలమైన వివాహం నుండి బయటపడి ఇద్దరు కుమార్తెలను ఒంటరిగా పెంచారు. ఈ ఆత్మకథకు 1985 సాహిత్య అకాడమీ పురస్కారం లభించింది. ఇందులో ప్రేమ ఉన్నది, దాని వైఫల్యం కూడా ఉన్నది. కానీ కథను నడిపేది నిలువ నీడ కోసం జరిగిన వెదుకులాట. ఫ్రాన్సులో కాలిన గాయాలతో మరణించిన చిన్న కుమార్తెను గురించి రాసిన భాగంలో ప్రేమ, పురుషుడు, సమాజం అన్నీ వెనుకకు తొలగిపోయి, పరదేశపు ఆసుపత్రిలో ఒక తల్లి మాత్రమే మిగులుతుంది.

ఈ ఇద్దరికీ రాజధానిలో రచయిత్రులుగా పేరున్నది. పేరు గాని పరపతి గాని లేని స్త్రీ లెక్క ఎలా ఉంటుందన్నది తరువాతి ప్రశ్న. దానికి సమాధానం తెలుగులోనే ఉన్నది. కొండపల్లి కోటేశ్వరమ్మ ‘నిర్జన వారధి’ని హైదరాబాద్ బుక్ ట్రస్ట్ 2012లో ప్రచురించింది. అప్పటికి రచయిత్రి తొంభై ఏళ్లు దాటిన వృద్ధురాలు. 2015లో ఢిల్లీలోని జుబాన్ సంస్థ ద్వారా దాని ఆంగ్లానువాదం వెలువడి ఇతర ప్రాంతాల పాఠకులకూ చేరింది.

కోటేశ్వరమ్మ 1918లో కృష్ణా జిల్లా పామర్రులో జన్మించింది. ఊహ తెలియని వయసులోనే పెళ్లి, ఆ వెంటనే వైధవ్యం. రాజమండ్రిలో వీరేశలింగం పంతులు తొలి వితంతు వివాహం జరిపించినది 1881లో. అరవై ఏళ్లు కావస్తున్నా ఆ సంస్కరణ తీరాంధ్ర గ్రామాలలో ఇంకా సాహసకృత్యంగానే ఉన్న రోజులలో ఆమెకు కొండపల్లి సీతారామయ్యతో పునర్వివాహం జరిగింది. దంపతులిద్దరూ కమ్యూనిస్టు ఉద్యమంలో పనిచేశారు. ఆమె పాటలు పాడింది, నాటకాలలో నటించింది, నిర్బంధకాలంలో అజ్ఞాతవాసం చేసింది. ఆ తరువాత భర్త ఆమెను, ఇద్దరు పిల్లలను విడిచి వేరొక స్త్రీతో జీవితం ప్రారంభించాడు. 1980లో పీపుల్స్ వార్ పార్టీని స్థాపించిన నాయకుడిగా దేశం ఎరిగిన వ్యక్తి ఆయనే.

చరిత్ర విద్యార్థి ఇక్కడ ఒక్కక్షణం ఆగవలసి ఉన్నది. సీతారామయ్యను గురించి పోలీసు దస్త్రాలలో, పత్రికలలో, పార్టీ పత్రాలలో కావలసినంత సమాచారం లభిస్తుంది. ఆయన విడిచిన ఇల్లు ఎలా గడిచిందన్నది ఏ దస్త్రంలోనూ లేదు. ద్విభార్యాత్వాన్ని నిషేధించి, విడాకులకు వీలు కల్పిస్తూ మద్రాసు రాష్ట్రం 1949లోనే చట్టం చేసింది; 1955లో హిందూ వివాహ చట్టం వచ్చింది. కాని చట్టం గుమ్మం దాకా పోని భర్త, ఏ కాగితమూ లేకుండా లేచిపోతే, మిగిలిన స్త్రీ కాగితంపై భార్యగానే ఉండిపోతుంది. వితంతువుకు లోకంలో ఒక పేరున్నది, అది అమంగళకరమైనదే కావచ్చు. వదిలివేయబడిన భార్యకు జాలిపడే మాటలే తప్ప ఒక స్థానం అంటూ లేదు. ఈ రెండు స్థితులనూ ఒకే జన్మలో అనుభవించిన స్త్రీ రాసిన గ్రంథమిది.

పిల్లలను తన తల్లి వద్ద ఉంచి, ముప్పై ఏళ్లు దాటిన వయసులో కోటేశ్వరమ్మ హైదరాబాదులోని ఆంధ్ర మహిళా సభలో చేరి మెట్రిక్ చదివింది. దుర్గాబాయి దేశ్‌ముఖ్ స్థాపించిన ఆ సంస్థ చదువు ఆగిపోయిన వయోజన స్త్రీలకు అలాంటి అవకాశం కల్పించింది. పిదప కాకినాడలో మహిళా పాలిటెక్నిక్ వసతిగృహానికి మేట్రన్‌గా ఉద్యోగం సంపాదించుకొన్నది. విప్లవం ఇవ్వలేని నిలకడను ఒక తరగతి గది, ఒక చిన్న ఉద్యోగం, నెలజీతం ఇచ్చాయి. ఈ మాట రచయిత్రి వాదనగా ఎక్కడా చెప్పదు. సంఘటనలను వరుసగా పేర్చడం వల్లనే అది పాఠకునికి తెలిసివస్తుంది. ఇదే ఈ రచనలోని శక్తి.

ఆపై జరిగినవి మరింత దుస్సహం. ఉద్యమంలోకి వెళ్లిన కుమారుడు తిరిగి రాలేదు. వైద్యురాలైన కుమార్తె భర్త మరణానంతరం ప్రాణం తీసుకొన్నది. మనవరాళ్ల బాధ్యత అమ్మమ్మపై పడింది. ఒంటరి మాతృత్వం ఒక తరంతో ముగిసేది కాదని, కోటేశ్వరమ్మ పిల్లలను ఆమె తల్లి సాకినట్లే, కుమార్తె పిల్లలను ఆమె సాకవలసి వచ్చిందని ఈ గ్రంథం నిశ్శబ్దంగా చూపుతుంది. పురుషుల వారసత్వం పార్టీల పేర్లతో నడిచింది. ఈ ఇంటి స్త్రీల వారసత్వం పసిపిల్లలను ఒకరి చేతి నుండి మరొకరు అందుకోవడంతో నడిచింది.

వృద్ధాప్యంలో జబ్బుపడిన సీతారామయ్య ఆమెను చూడాలని కోరినప్పుడు ఆమె మొదట అంగీకరించలేదు. ఈ ఘట్టంలో నాటకీయమైన క్షమాపణ కోసం, కన్నీటి కలయిక కోసం ఎదురుచూసే పాఠకునికి నిరాశే మిగులుతుంది. సానుభూతి వేరు, బాకీ రద్దు చేయడం వేరు అన్న విచక్షణను ఆమె ఎన్నడూ వదలలేదు. వ్యక్తి చేసిన అన్యాయానికి ఉద్యమాన్ని దోషిగా నిలబెట్టకపోవడం కూడా గమనింపదగినది. అయితే విమర్శకుడు ఇక్కడ ఒక అభ్యంతరం చెప్పక తప్పదు. సమానత్వాన్ని ఆశయంగా ప్రకటించిన పార్టీ, తన కార్యకర్త ఇంట్లో జరిగిన దానిని సొంత విషయంగా ఎలా పరిగణించగలిగిందన్న ప్రశ్నను ఆమె తాకి వదిలివేసింది. ఆమె ఔదార్యం మెచ్చదగినదే అయినా, ఆ ఔదార్యం వల్ల చరిత్రకు దక్కవలసిన ఒక సాక్ష్యం అసంపూర్ణంగా మిగిలిపోయింది.

అమృతా ప్రీతమ్ భాష కవిత్వానిది, అజీత్ కౌర్ భాష గాయానిది, కోటేశ్వరమ్మ భాష పెద్దముత్తయిదువ కాలేకపోయిన పల్లెటూరి పెద్దమ్మ వరండాలో కూర్చొని చెప్పే మాటలది. మూడింటిలోనూ ప్రేమించినందుకు పశ్చాత్తాపం లేదు. ప్రేమ ఫలితంగా ఏర్పడిన బాధ్యతను ఒకరే మోయవలసి రావడంపై మాత్రమే ఫిర్యాదు ఉన్నది.

ఆ ఫిర్యాదును ప్రభుత్వ యంత్రాంగం ఆలస్యంగానైనా కొంత ఆలకించింది. 1956 నాటి హిందూ మైనారిటీ, సంరక్షకత్వ చట్టం తండ్రిని సహజ సంరక్షకునిగా, ఆయన తరువాతనే తల్లిని పేర్కొన్నది. తండ్రి బతికి ఉన్నా బిడ్డ బాధ్యత వహించని పక్షంలో తల్లి సంరక్షకురాలు కాగలదని సుప్రీంకోర్టు 1999లో వివరించింది. ఢిల్లీకి చెందిన ఒక వ్యాజ్యంలో, అవివాహిత తల్లి బిడ్డకు సంరక్షకురాలు కావడానికి తండ్రి పేరు వెల్లడించనవసరం లేదని 2015లో తీర్పు చెప్పింది. తల్లిదండ్రులలో ఒకరి పేరు చాలునని పాస్‌పోర్టు నిబంధనలను 2016 డిసెంబరులో సవరించారు.

ఢిల్లీని ఆనుకొని, గుడ్‌గావ్ పేరు మార్చుకొన్న గురుగ్రామ్‌లో ఉద్యోగాలు చేసుకొంటున్న తెలుగు యువతులకు ఈ మూడు గ్రంథాలూ చేరువలోనే ఉన్నాయి. సొంత సంపాదన ఉన్న స్త్రీకి కోటేశ్వరమ్మ నాటి ఆకలి ఉండకపోవచ్చు. కాని అద్దె ఒప్పందంలో, పాఠశాల దరఖాస్తులో ‘భర్త పేరు’, ‘తండ్రి పేరు’ అన్న గడుల ముందు కలం ఆగినప్పుడు, ఆ ఆగడం వెనుక ఎంత చరిత్ర ఉన్నదో ఈ పుస్తకాలు చదివినవారికి అర్థమవుతుంది. నిబంధన ఎప్పుడు మారిందో ప్రభుత్వ దస్త్రం చెబుతుంది. అది ఎందుకు మారవలసి వచ్చిందో చెప్పగలిగినవి ఇటువంటి ఆత్మకథలే. వీటిని ప్రణయగాథల వరుసలోనే గాక, ఆధునిక భారత సాంఘిక చరిత్రకు ఆధార గ్రంథాల వరుసలో కూడా ఉంచి చదవడం న్యాయం.