పెదవులు వారివి, మాట మనది

మా తాతకు డబ్బింగు సినిమా అంటే చిరాకు. “సల్లారిన చాయ్ మళ్ల కాగబెట్టినట్టుంటది” అనేవాడు. నిజాం కాలంలో వరంగల్లులో ఉర్దూలో చదువుకున్న మనిషి. ‘మొఘల్-ఎ-ఆజమ్’ (1960) ఆయనకు సినిమా కాదు, కవిత్వం. పక్కన కూర్చున్న మా నానమ్మ మాత్రం బడి మొహం చూసి ఎరుగదు. “ఆ రాజెందుకు అట్ల అరుస్తున్నడు?” అనడిగితే, “సప్పుడు చెయ్యకు” అన్నాడట!

ఆ సినిమాను 1961లో ‘అక్బర్’ పేరుతో తమిళంలోకి తెచ్చారు. ఆడలేదు. నాకేం ఆశ్చర్యం లేదు. నలుగురు రచయితలు రాసిన ఆ సంభాషణల్లో ఉర్దూ భాషే అసలు అందం. దాన్ని తీసేశాక కోటలూ, నగలూ ఎంతసేపని కూర్చోబెడతాయి చెప్పండి?

మరి ‘మైనే ప్యార్ కియా’ సంగతో? 1989 చివర వచ్చిన ఆ హిందీ సినిమా, తెలుగులో ‘ప్రేమ పావురాలు’ అయి మనవాళ్ల మనసు దోచేసింది. హిందీ పేరుకు అర్థం ‘నేను ప్రేమించాను’ అని. ఆ రోజుల్లో మన ఆడపిల్ల ఆ మాట ఇంట్లో పైకి అనగలదా? తెలుగు పేరు పెట్టినవారెవరో గడుసువారే, భారమంతా పావురాల రెక్కల మీద వేసేశారు. ఉత్తరం మోసే పావురానికీ, టోపీ మీద ‘ఫ్రెండ్’ అన్న మాటకూ అనువాదంతో పనిలేదు. ఇక పాటలంటారా, హిందీలో సల్మాన్ ఖాన్‌కు పాడి ఫిల్మ్‌ఫేర్ బహుమతి అందుకున్నది మన బాలసుబ్రహ్మణ్యమే. తెలుగులోనూ ఆయనే పాడారు. అరువిచ్చిన గొంతు ఇంటికి తిరిగొచ్చినట్టయింది.

లోపాలు లేవని కాదు. ప, బ, మ అంటే పెదవులు కలవాలి. తెరమీద అవి కలిసినచోటికి రచయిత సరిగ్గా అలాంటి అక్షరాన్నే వెతికి తేవాలి. ఆ తిప్పల్లో వాక్యాలు అక్కడక్కడ వంకర్లు పోయాయి. పైగా అందులో వినిపించిన తెలుగు మా వరంగల్లు ఇళ్లలో మాట్లాడే తెలుగు కాదు.

అయినా హాల్లోంచి బయటికొస్తూ నానమ్మ అన్న మాట నాకింకా గుర్తే. అప్పుడు నాకు పదేళ్లు. “ఇయ్యాల నేను ఎవర్నీ ఏమీ అడగలె” అంది, ఎంతో తృప్తిగా. డబ్బింగు కళేనా కాదా అని ఎవరైనా వాదనకు దిగితే, నేను ముందు ఆ ముఖాన్ని తలుచుకుంటాను.

ఆ సాయంత్రం చాయ్ సల్లారిందని తాత విసుక్కున్నాడు.

“మళ్ల కాగబెడ్త. తాగరా ఏంది?” అంది నానమ్మ.

తాగాడు.