మేరువ పదంలో మూడు కొలువులు

క్షేత్రయ్య జీవితాన్ని నిర్ధారించడానికి సాహిత్య చరిత్రకారులు ప్రధానంగా ఆశ్రయించినది మేరువ పదాన్ని. మధురలో 2000 పదాలు, తంజావూరులో 1000, గోలకొండలో 40 దినాల రచన అన్న లెక్కల మీదనే చర్చ ఎక్కువగా సాగింది. మొవ్వ నుంచి వెళ్ళిన కవి రాజసభలలో ఏ హోదాతో నిలిచాడన్న ప్రశ్నకు ఈ లెక్కలు సమాధానమివ్వవు. అందుకు పదనిర్మాణాన్ని పరిశీలించాలి.

మధుర తిరుమల నాయకుడు (1623–1659), తంజావూరు విజయరాఘవ నాయకుడు (1633–1673) ఇందులో పేర్లతో కనిపిస్తారు. మధుర ప్రభువు బహూకరించి, ఎదుట కూర్చుండి పదాలు కోరుతాడు. గోలకొండ ప్రభువు మాత్రం ‘పాదుషా’ మాత్రమే. కాలాన్ని బట్టి అతడు అబ్దుల్లా కుతుబ్‌షా (1626–1672) కావాలి. బందరు రేవు, దానికి చేరువలోని మొవ్వ సీమ ఆనాడు గోలకొండ ఏలుబడిలోనివే. అంటే కవికి స్వదేశ ప్రభువు పేరులేని ఈ పాదుషాయే. తులసిమూర్తితో వాదం ప్రసక్తి వచ్చేదీ ఈ చరణంలోనే. పరదేశపు కొలువుల్లో దొరికిన చనువు స్వదేశపు కొలువులో కనిపించదు.

దీనికి భాషాభేదమో మతభేదమో కారణమని సరిపెట్టుకోవడం తేలిక. కాని ఇబ్రహీం కుతుబ్‌షా కాలం నుంచే గోలకొండ తెలుగు కవులను ఆదరించింది. పైగా పాదుషా కూడా బహుమానమిచ్చినట్లే పదం చెబుతున్నది. కనుక పరాయితనాన్ని ఆదరణ లేమిలో కాక, ఆదరణ స్వభావంలోనే వెదకాలి.

ఈ పదంలో మాట్లాడేది కవి కాదు, నాయిక. రాజులు దాతలు, శ్రోతలు. ఆమె విభుడు మాత్రం మువ్వగోపాలుడు. కానుకలందుకొన్నా ఏ ఇంటికీ ఇల్లాలు కాని వేశ్య స్థితి, సన్మానమందుకొన్నా ఏ సభకూ చెందని కవి స్థితికి ఇక్కడ వాచకమైంది. రాజుల పేర్లు చెప్పిన పదం కవి పేరు చెప్పదు. అతని ఊరిని దైవముద్రలో నిలుపుతుంది. మువ్వగోపాల ముద్రలో భక్తితోపాటు, ఏ ప్రభువుకూ పూర్తిగా లొంగని స్వాతంత్ర్య ప్రకటన కూడా ఉంది.

కాబట్టి క్షేత్రయ్యను ఏదో ఒక సంస్థానపు ఆస్థానకవిగా వర్గీకరించడం ఈ పదానికి విరుద్ధం. దీనిని రాజసన్మానాల పట్టికగా కాక, ఆ సన్మానాలకు కవి విధించుకొన్న హద్దుగా చదవవలసి ఉంది.