గాడిద మోసిన గంధం: జంతుసామెతల్లో హాస్యం - ఆదోని, ఎమ్మిగనూరు ప్రాంత నేపథ్యం

వ్యాససంగ్రహం

జంతువుల రూపం, చేష్టలు ఆధారంగా పుట్టిన సామెతలు తెలుగులో విస్తారంగా ఉన్నాయి. వీటిని సాధారణంగా లోకజ్ఞానానికీ చమత్కారానికీ ఉదాహరణలుగా వింగడిస్తారు. ఆ చమత్కారం ఎవరిని నవ్విస్తుంది, ఎవరిని తగ్గిస్తుంది అనే విచారణ తక్కువ. పశ్చిమ కర్నూలు జీవనాన్ని నేపథ్యంగా తీసుకొని, ఎద్దు, గాడిద సామెతల్లోని హాస్యదృష్టిని ఈ వ్యాసం పరిశీలిస్తుంది.

కీలకపదాలు: సామెత, జంతుహాస్యం, ఆదోని, ఎమ్మిగనూరు, గాడిద, శ్రమ.

1. ఉపోద్ఘాతం

మనిషితో సంబంధం లేనిదేదీ హాస్యం కాజాలదని ఫ్రెంచి తత్త్వవేత్త హెన్రీ బెర్గ్‌సన్ 1900లో హాస్యంపై వెలువరించిన గ్రంథంలో ప్రతిపాదించాడు. జంతువును చూసి నవ్వు వచ్చినా, అందులో మానవభావాన్నో మానవభంగిమనో పోల్చుకొన్నందువల్లనే వస్తుందని ఆయన వివరణ. తెలుగు జంతుసామెతలకు ఈ సూత్రం చాలావరకు వర్తిస్తుంది. అయితే ఒక ప్రశ్న మిగులుతుంది. జంతువులో కనిపించిన ఆ మనిషి ఎవరు? బరువు ఎత్తించేవాడా, మోసేవాడా?

ఈ ప్రశ్నను పరీక్షించడానికి ఆదోని, ఎమ్మిగనూరు ప్రాంతం అనువైన క్షేత్రం. పూర్వం బళ్ళారి జిల్లాలో ఉన్న ఆదోని తాలూకా 1953లో ఆంధ్రరాష్ట్రంలో చేరింది. తెలుగు, కన్నడ, ఉర్దూ ఇక్కడి సంతల్లో, మిల్లుల్లో పక్కపక్కనే వినిపిస్తాయి. తుంగభద్ర దిగువ కాలువ పారే గ్రామాలను మినహాయిస్తే సేద్యం ఎక్కువగా వానపైనే ఆధారపడింది. ఆదోని పేరున్న పత్తి మార్కెట్టు. ఆ చుట్టుపక్కల పల్లెల నుంచే కుటుంబాలు ఏటా గుంటూరు వైపు, తెలంగాణ వైపు మిరప, పత్తి కోతలకు సుగ్గి పోతాయి. మనిషి శ్రమా పశువు శ్రమా ఒకే పొలంలో కలిసే చోట, పశువును చూసి నవ్వే నవ్వుకు అర్థం తేలిక కాదు.

2. మూడు భాషలు, ఒకే ఎగతాళి

“గాడిదకేం తెలుసు గంధం వాసన” అంటుంది తెలుగు. “కత్తెగేను గొత్తు కస్తూరి పరిమళ” అంటుంది కన్నడం. “బందర్ క్యా జానే అద్రక్ కా స్వాద్” అంటుంది ఉర్దూ. గాడిదకు గంధం, గాడిదకే కస్తూరి, కోతికి అల్లం. వస్తువు మారింది కాని నిర్మాణం మారలేదు. మూడింటిలోనూ జంతువు చేసిన తప్పేమీ లేదు. మనిషి విలువ కట్టిన వస్తువును అది గుర్తించకపోవడమే హాస్యకారణం. ఎద్దుకు అటుకుల రుచి తెలియదనడం కూడా ఈ కోవలోదే.

ఈ మూటలో గాడిద సామెతకు ప్రత్యేకత ఉంది. కోతి అల్లం మోయదు. ఎద్దుకు అటుకులు ఎవరూ పెట్టరు. గంధపుచెక్కల మోపు మోసే గాడిద మాత్రం సంస్కృత సాహిత్యంలోనే ప్రసిద్ధమైన ఉపమానం. అర్థం తెలియకుండా శాస్త్రాలు వల్లించేవాడు ఆ గాడిదలాంటివాడని దాని తాత్పర్యం. తెలుగు సామెత వాసనను నిలుపుకొని బరువును వదిలివేసింది. గంధపు వాసన గాడిదకు తెలియకపోవచ్చు. గంధపు బరువు తెలిసినది మాత్రం దానికే. సామెతలోని నవ్వు ఈ రెండో సంగతిని మరుగుపరచడం వల్లనే సాధ్యమైంది.

3. జంతువుపై నవ్వు, జంతువు పక్షాన నవ్వు

జంతుసామెతలన్నీ ఇలా ఉండవు. “ఎద్దు ఈనిందంటే గాటన కట్టెయ్యమన్నాడట” అన్నప్పుడు ఎద్దు నిర్దోషి. విన్నదాన్ని విచారించని మనిషే అక్కడ నవ్వులపాలవుతాడు. “ఎద్దు పుండు కాకికి ముద్దు” అనే సామెతలో నవ్వు సగంలోనే ఆగిపోతుంది. కాకి ఆబను చూసి నవ్వబోయిన శ్రోత ఎద్దు నొప్పి దగ్గర నిలిచిపోతాడు. మొదటిది మనిషిపై నవ్వు, రెండోది జంతువు పక్షాన పుట్టిన చేదునవ్వు.

ఎద్దుకు దక్కిన ఈ మన్ననకు ఆర్థిక మూలం ఉంది. ఎమ్మిగనూరు నీలకంఠేశ్వరస్వామి జాతరకు అనుబంధంగా జనవరిలో పశువుల సంత జరుగుతుంది. సంతల్లో ఎద్దును కొనేవాడు పళ్ళు లెక్కపెట్టి వయసు తేలుస్తాడు. సుడులు, కొమ్ములు, గిట్టలు, నడక చూస్తాడు. అంత నిశితంగా చూసిన జంతువును సామెత తేలికగా ఎగతాళి చేయలేదు. ఎద్దు కూలిపోతే సేద్యం కూలుతుంది. అందుకే దానిపై నవ్వులో రైతుకు వాటా ఉంది. రజకులకు, కుమ్మరులకు, రాయీ మట్టీ మోసే వృత్తులవారికి గాడిద కూడా అంతటి ఆధారమే. కాని సామెతలను ఊరి మధ్య నిలబడి చెప్పిన గొంతు వారిది కాదు. గాడిదపై పడిన నవ్వు దాని వెనుక నడిచేవారిపై కూడా పడింది.

4. ఓండ్ర చెప్పిన రెండు కథలు

గాడిద హాస్యానికి కేంద్రం దాని గొంతు. పంచతంత్రంలో పులితోలు కప్పుకొని పైరు మేసిన గాడిద ఓండ్ర పెట్టి ప్రాణం పోగొట్టుకొంటుంది. దోసపాదులో పాట ఎత్తుకొన్న గాడిద నక్క మాట వినక దెబ్బలు తింటుంది. ఈ కథల నీతి ఒక్కటే: నోరు మూసుకొని ఉంటే బతికేది. తోలు కప్పినవాడు చాకలి యజమానే అయినా, మొదటి కథలో శిక్ష గాడిదకే పడింది.

దీనికి ఎదురు నిలిచేది “వసుదేవుడంతటివాడు గాడిద కాళ్ళు పట్టుకొన్నాడు” అనే సామెత. ఓండ్ర పెడితే పసికందైన కృష్ణుని జాడ బయటపడుతుంది. కనుక పెద్దవాడు వంగవలసి వచ్చింది. అక్కడ గాడిదను చంపిన గొంతే ఇక్కడ గొప్పవాణ్ణి వంచింది. అవసరం ముందు హోదా ఎంతటి హాస్యాస్పదమో ఈ సామెత చెబుతుంది.

5. గాడిదల పెళ్ళి

వాన మొగం చాటేసిన ఏళ్ళలో కర్నూలు, అనంతపురం పల్లెల్లో గాడిదలకు పెళ్ళి చేసే ఆచారం ఉంది. పసుపు రాసి, కొత్త బట్ట కప్పి, తాళి కట్టించి, మేళతాళాలతో ఊరేగిస్తారు. వేడుకలో నవ్వులకు కొదవ ఉండదు. అయితే ఈ నవ్వు సామెతలోని నవ్వు కాదు. పెళ్ళి తంతు తెలియని జంతువు చుట్టూ తంతును తుచ తప్పకుండా నడిపే మనుషులే ఇక్కడ వింతగా కనిపిస్తారు. ఆ సంగతి వారికీ తెలుసు. విత్తనం వేసి ఆకాశం వైపు చూసే రైతు తన నిస్సహాయతను తానే ఊరేగించి నవ్వుకొంటున్నాడు. ఏడాది పొడవునా తిట్టుగా వాడిన పేరు కరువురోజున మొక్కుగా మారింది. వసుదేవుని సామెతను ఊరంతా కలిసి ఆచరించడమే ఈ పెళ్ళి.

6. సేకరణలో జారిపోయేది

1868లో మద్రాసులో వెలువడిన కెప్టెన్ ఎం. డబ్ల్యు. కార్ ‘ఆంధ్రలోకోక్తి చంద్రిక’ మొదలుకొని సామెతల సంకలనాలు చేసిన మేలు గొప్పది. కాని సంకలనంలో సామెత ఒంటరి వాక్యంగా మిగులుతుంది. ఎవరు, ఎవరితో, ఎందుకు అన్నారో అందులో నమోదు కాదు. గాడిద సామెతను సమఉజ్జీలు పరస్పరం విసురుకొంటే పరిహాసం. సుగ్గి నుంచి తిరిగివచ్చి, తప్పిన పాఠాలు అందుకోలేక తడబడే విద్యార్థితో ఉపాధ్యాయుడు అంటే అది తీర్పు. వాక్యం ఒక్కటే, పని వేరు. ఆ పిల్లవాడు మోసివచ్చిన బరువు ఏమిటో సామెత అడగదు. తరగతి అడగవలసి ఉంటుంది.

7. ముగింపు

జంతుహాస్యమంతా హింస అనడం సరికాదు. ఎద్దు సామెతలు మనిషి తెలివితక్కువతనాన్ని ఎత్తిచూపాయి. గాడిదల పెళ్ళి కరువు ముందు ఊరిని వినయంగా నిలబెట్టింది. నవ్వు మోయించేవాని వైపు తిరిగినప్పుడు అది విమర్శ అవుతుంది. మోసేవాని వైపు తిరిగినప్పుడు అణచివేతకు అలంకారమవుతుంది. కాబట్టి క్షేత్రపరిశోధకులు సామెతతోపాటు చెప్పినవారి వృత్తిని, విన్నవారి స్థానాన్ని, సందర్భాన్ని నమోదు చేయాలి. ఆదోని, ఎమ్మిగనూరు వంటి బహుభాషా ప్రాంతాల్లో ఆ పనిని మూడు భాషల్లోనూ చేయాలి. అప్పుడే గంధపు వాసనతోపాటు దాని బరువు కూడా సామెతల అధ్యయనంలోకి వస్తుంది.